బౌబజారు వీధిలో మృదంగం

ఏటా ఫిబ్రవరి 28వ తేదీన మన కళాశాలలో విజ్ఞాన దినోత్సవం జరుపుకుంటాం. సి.వి.రామన్ గారి పటానికి దండ వేస్తాం. వక్తలు లేచి ఓడ ప్రయాణం, సముద్రపు నీలిరంగు, నోబెల్ బహుమానం – ఈ మూడూ చెప్పి కూర్చుంటారు. అందులో తప్పేమీ లేదు. కాని ఆ ఓడ ఎక్కేనాటికే రామన్ గారికి ముప్ఫై రెండేళ్ళు నిండాయి. అంతకుముందు పదేళ్ళకు పైగా ఆయన చేసిన పనేమిటి? కాంతి మీద కొంత చేశారు. ఎక్కువ కాలం మాత్రం ధ్వని మీదనే గడిపారు. తీగలు, ఫిడేళ్ళు, మృదంగాలు, గుసగుసలు మోసే గుమ్మటాలు – ఇవీ ఆయన లోకం.

ఈ సంగతి నాకు తెలిసింది మెల్డి ప్రయోగం పుణ్యమా అని. మన ప్రయోగశాలలో అందరం చేసేదే కదా. శ్రుతిదండానికి దారం కట్టి, కప్పీ మీదుగా వేసి, చివర పళ్ళెంలో బరువులు పెడతాం. దారం ఉచ్చులు ఉచ్చులుగా ఊగుతుంది. శ్రుతిదండాన్ని అడ్డంగా పెడితే దారం దాని పౌనఃపున్యంతోనే ఊగుతుంది. దండం తిప్పి పెడితే మాత్రం సగం పౌనఃపున్యంతో ఊగుతుంది. రికార్డులో రెండు సూత్రాలూ రాసి సంతకం పెట్టించుకుంటాం. సగమే ఎందుకని నేనూ అడగలేదు, నా పక్కనున్నవాడూ అడగలేదు. తరవాత గ్రంథాలయంలో ఒక పాత పుస్తకం తిరగేస్తుంటే, ఆ ప్రశ్నను వందేళ్ళకు పూర్వమే కలకత్తాలో ఒక గుమాస్తాల శాఖ అధికారి అడిగాడనీ, ఆయనే రామన్ అనీ కనబడింది. అక్కడ మొదలైన కుతూహలమే ఈ వ్యాసం.

రామన్ గారు 1888 నవంబరు 7న తిరుచిరాపల్లిలో పుట్టారు. తండ్రి చంద్రశేఖర అయ్యర్, తల్లి పార్వతీ అమ్మాళ్. పుట్టింది కావేరి ఒడ్డునైనా పెరిగింది మన విశాఖపట్నంలోనే. 1892లో తండ్రిగారు అక్కడి శ్రీమతి ఎ.వి.ఎన్. కళాశాలలో లెక్కలు, భౌతికశాస్త్రం చెప్పే ఉపన్యాసకుడిగా వచ్చారు. ఇంట్లో పుస్తకాలకు కొదవ లేదు. తండ్రిగారికి ఫిడేలు వాయించే అలవాటు కూడా ఉండేదంటారు. పిల్లవాడు పదకొండో ఏట మెట్రిక్యులేషను గట్టెక్కాడు, పదమూడో ఏట ఎఫ్.ఏ. పూర్తిచేశాడు. ఆ తరవాత మద్రాసు ప్రెసిడెన్సీ కళాశాల. 1904లో బి.ఏ. ప్రథముడుగా ప్యాసై పతకాలు తెచ్చుకున్నాడు. 1906లో, ఇంకా విద్యార్థిగా ఉండగానే, కాంతి వివర్తనం మీద రాసిన వ్యాసం లండన్‌లోని ఫిలసాఫికల్ మాగజైన్‌లో అచ్చయింది. అప్పటికి ఆయనకు మనకంటె రెండేళ్ళు తక్కువ. ఈ మాట రాయడానికే కొంచెం సిగ్గేస్తోంది.

ఇంత తెలివైనవాణ్ణి ఇంగ్లండు పంపాలని గురువులకు ఉండేది. ఈ బక్కపల్చని శరీరం అక్కడి చలికి ఆగదని డాక్టరు తేల్చేశాడు. ఆ రోజుల్లో శాస్త్రం చదివినవాడికి ఈ దేశంలో ఉద్యోగం ఏముంది? ఫైనాన్సు శాఖ పరీక్షకు కూర్చున్నారు, మొదటివాడుగా వచ్చారు. 1907లో లోకసుందరి అమ్మాళ్‌తో వివాహమైంది. ఆమె వీణ మీద త్యాగరాజు కీర్తన వాయిస్తుండగా మొదటిసారి విన్నారని చెప్పుకుంటారు. అదే సంవత్సరం భార్యాభర్తలు కలకత్తా చేరారు. ఉద్యోగం అసిస్టెంటు అకౌంటెంట్ జనరల్. మంచి జీతం, సర్కారు హోదా. ఇంకెవరైనా అయితే అక్కడితో కథ ముగిసిపోయేది.

ఒకరోజు ట్రాములో పోతుంటే బౌబజారు వీధిలో 210 నెంబరు ఇంటి మీద ఒక బోర్డు కనిపించింది. ఇండియన్ అసోసియేషన్ ఫర్ ది కల్టివేషన్ ఆఫ్ సైన్స్. డాక్టరు మహేంద్రలాల్ సర్కార్ 1876లో దేశీయులు స్వతంత్రంగా శాస్త్ర పరిశోధన చెయ్యాలని చందాలు పోగుచేసి పెట్టిన సంస్థ అది. భవనం ఉంది, ఉపన్యాసశాల ఉంది, గాజు బీరువాల్లో పరికరాలున్నాయి. పరిశోధన చేసే మనిషే లేడు. ఆ వ్యథతోనే మహేంద్రలాల్ 1904లో కన్నుమూశారు. రామన్ గారు తలుపు తడితే తీసినవాడు అశుతోష్ డే. అందరూ ఆయన్ని ఆశుబాబు అనేవారు. లోపలికి తీసుకెళ్ళి మహేంద్రలాల్ కుమారుడు అమృతలాల్ సర్కార్ గారి ముందు నిలబెట్టాడు. తీరిక వేళల్లో ఇక్కడ పని చేసుకోవచ్చా అని ఈ పద్దెనిమిదేళ్ళ కుర్రవాడు అడిగేసరికి ఆ పెద్దాయనకు ప్రాణం లేచి వచ్చింది. తండ్రి ముప్ఫై ఏళ్ళు ఎదురుచూసిన మనిషి వచ్చాడు.

అప్పటినుంచీ దినచర్య ఇలా ఉండేది. తెల్లవారుజామున ఐదున్నరకు అసోసియేషన్‌కు రావడం, తొమ్మిదీ ముప్పావుకు ఇంటికి పరుగెత్తి స్నానం, భోజనం, ఆపైన ఆఫీసు. సాయంత్రం ఐదింటికి ఆఫీసునుంచి తిన్నగా మళ్ళీ ప్రయోగశాలకు. రాత్రి తొమ్మిదీ పదీ అయ్యేది ఇల్లు చేరేసరికి. ఆదివారాలు కూడా అంతే. మధ్యలో 1909లో రంగూనుకు, 1910లో నాగపూరుకు బదిలీ చేశారు. అక్కడ ఇంట్లోనే ఒక గదిని ప్రయోగశాల చేసుకున్నారు. 1911లో తిరిగి కలకత్తా వచ్చారు.

ఇక ధ్వని దగ్గరికి వద్దాం. కలకత్తాలోనే ధ్వని ఎందుకు పట్టుకున్నారు? ఒక కారణం ఇష్టం. చిన్నప్పుడే హెల్మ్‌హోల్ట్జ్ సంగీత స్వరాల మీద రాసిన గ్రంథం చదివి మురిసిపోయినవాడాయన. ఇంకో కారణం, నా ఊహ, డబ్బు. బౌబజారు ఇంట్లో ఖరీదైన యంత్రాలు కొనే స్తోమత లేదు. తీగకూ, దారానికీ, శ్రుతిదండానికీ పెద్ద ఖర్చుండదు. ఆయన 1909లో రాసిన వ్యాసాల్లో ఒకటి ఏక్‌తార గురించి. ఏక్‌తారంటే బైరాగులు మీటుకుంటూ తిరిగే ఒంటితీగ వాద్యం. అంత చవక వాద్యాన్ని చూసి కూడా అందులో భౌతికశాస్త్రం ఉందనుకున్నారు.

మెల్డి ప్రయోగంలో సగం సంగతి ఉయ్యాలతో తెలుస్తుంది. బల్ల ఉయ్యాల మీద నిలబడి గుంజీలు తీస్తూ ఊగే పిల్లను చూడండి. ఉయ్యాల ఒక్కసారి వెళ్ళి వచ్చేలోగా ఆమె రెండుసార్లు లేస్తుంది. దండం తిప్పి పెట్టినప్పుడు దారం బిగువు కూడా అలాగే రెండుసార్లు ఎక్కి దిగుతుంది, దారం ఒకసారి ఊగుతుంది. రామన్ గారు ఇక్కడ ఆగలేదు. సగం ఒక్కటే ఎందుకు, దండం పౌనఃపున్యానికి సమానంగా, ఒకటిన్నర రెట్లు, రెండు రెట్లు కూడా దారాన్ని ఊగించవచ్చునని చేసి చూపించి ఫొటోలు తీశారు. మన రికార్డులో ఉన్నది ఈ వరసలో మొదటి మెట్టు మాత్రమే.

తరవాత ఫిడేలు. కందెన వెయ్యని బండి ఇరుసు కీచుమనడం పల్లెటూరివాళ్ళందరం విన్నదే. చెక్క ఇనుమును పట్టుకుంటుంది, జారుతుంది, మళ్ళీ పట్టుకుంటుంది. కమాను కింద తీగ చేసే పనీ ఇదే. గుగ్గిలం పూసిన వెంట్రుకలు తీగను కొంతదూరం ఈడ్చుకుపోతాయి, అది విదిలించుకుని వెనక్కి జారుతుంది, సెకనుకు కొన్ని వందలసార్లు. ఇరుసు చేస్తే రోత, తీగ చేస్తే రాగం! తేడా ఎక్కడుందంటే తీగకు తనదైన పౌనఃపున్యం ఉంది, పట్టు జారుడులు దానికి తగ్గట్టు క్రమం తప్పకుండా జరుగుతాయి. హెల్మ్‌హోల్ట్జ్ ఈ కదలికలో ప్రధానమైన రూపాన్ని చూశాడు. రామన్ గారు మిగతా రూపాలన్నిటినీ ఒక సిద్ధాంతం కిందికి తెచ్చి 1918లో అసోసియేషన్ బులెటిన్‌గా పెద్ద గ్రంథమే వేశారు. ఫిడేలు తీగల భౌతికశాస్త్రం చదివేవాళ్ళు ఇవాళ కూడా దాన్ని తలచుకోక తప్పదు.

వుల్ఫ్ నోట్ అనేది ఇందులోని వింత. చెల్లో అనే పెద్ద ఫిడేలులో ఒక ఫలానా స్వరం దగ్గర ఎంత గొప్ప విద్వాంసుడు వాయించినా తీగ తోడేలులా గుర్రుమంటుంది. వాద్యం పెట్టెకు స్వంత పౌనఃపున్యం ఒకటుంటుంది. సరిగ్గా ఆ స్వరం వాయిస్తే అనునాదం వల్ల పెట్టె తీగలోని శక్తినంతా లాగేసుకుంటుంది. అప్పుడు కమాను వత్తిడి చాలక తీగ తన అసలు స్వరం వదిలి పై స్థాయికి జారిపోతుంది. పెట్టె ఊగడం తగ్గగానే తిరిగి అసలు స్వరానికి వస్తుంది. ఈ పోవడం రావడమే ఆ గుర్రు. 1916లో ఈ వివరణ ఇచ్చారు.

మనిషి చెయ్యి ప్రతిసారీ ఒకే వత్తిడి పెట్టదు కదా, అందుకని 1920 నాటికి ఫిడేలు వాయించే యంత్రం తయారుచేశారు. అందులో తమాషా ఏమిటంటే కమాను కదలదు, ఫిడేలే ముందుకూ వెనక్కూ నడుస్తుంది! మోటారుతో వేగం, బరువులతో వత్తిడి మార్చుకుంటూ కొలతలు తీశారు. కమానును బ్రిడ్జి దగ్గరికి జరిపేకొద్దీ తీగ పలకడానికి కావలసిన కనీస వత్తిడి దూరం వర్గానికి విలోమంగా పెరుగుతుందని తేలింది. విద్వాంసులకు ఇది చేతివేళ్ళతో తెలిసిన సంగతే. కాగితం మీదికి వచ్చింది మాత్రం ఆ ఇంట్లోనే.

ఈ పనులన్నిటిలో ఆశుబాబు పక్కనే ఉన్నాడు. విశ్వవిద్యాలయం గడప తొక్కని మనిషి. పరికరం విరిగితే అతుకు వేసేదీ, లేకపోతే తయారుచేసేదీ ఆయనే. రామన్ గారు ఆయన్ని పనివాడుగా చూడలేదు, పరిశోధకుడుగా పైకి తెచ్చారు. ఆశుబాబు ఒక్కడి పేరుమీదనే ఒక వ్యాసం లండన్ రాయల్ సొసైటీ ప్రొసీడింగ్స్‌లో వచ్చింది. ఎన్ని పట్టాలు పుచ్చుకున్నవాళ్ళకు దక్కుతుంది ఆ గౌరవం? సుధాంశు కుమార్ బెనర్జీ అనే శిష్యుడు రెండు గోళాలు ఢీకొన్నప్పుడు పుట్టే టక్కుమనే శబ్దం మీద పనిచేశాడు. భవనాథ్ బెనర్జీతో కలిసి రామన్ గారు పియానో సుత్తి దెబ్బను పరీక్షించారు. మామూలు మనిషి చెవికి వట్టి చప్పుళ్ళుగా తోచేవి ఆ ఇంట్లో ప్రశ్నలయ్యాయి.

1917లో కలకత్తా విశ్వవిద్యాలయం వైస్ ఛాన్సలరుగా పనిచేసిన అశుతోష్ ముఖర్జీ గారి పట్టుదలతో పాలిత్ ప్రొఫెసరు పదవి వచ్చింది. జీతం దాదాపు సగానికి పడిపోతుంది. అయినా సర్కారు కొలువు వదిలేశారు. విదేశంలో శిక్షణ పొంది రావాలన్న నిబంధనకు మాత్రం ససేమిరా ఒప్పుకోలేదు. చివరికి ఆ నిబంధనే పక్కకు తప్పుకుంది. సర్కారు ఉద్యోగం కోసం మన ఇళ్ళల్లో పెద్దవాళ్ళు ఎలా తపిస్తారో తెలిసినవాడికే ఈ రాజీనామా విలువ తెలుస్తుంది. పదేళ్ళ సర్వీసు, పెన్షను, అన్నీ వదులుకున్నారు.

నాకు అన్నిటికంటె ఇష్టమైనది మృదంగం కథ. గుండ్రటి చట్రానికి చర్మం బిగించి కొడితే వచ్చేది స్వరం కాదు, చప్పుడు. లెక్క వేస్తే కారణం తెలుస్తుంది. తీగలో అతిస్వరాలు మొదటి స్వరానికి 2, 3, 4, 5 రెట్లుగా చక్కగా వరసలో ఉంటాయి. చర్మంలో అవి 1.59, 2.14, 2.30, 2.65, 2.92 ఇలా చిల్లరగా ఉంటాయి. ఒకదానికొకటి పొత్తు కుదరదు. అందుకే పడమటి దేశాల శాస్త్రజ్ఞులు డోళ్ళను సంగీతంలో లెక్కలోకి తీసుకోలేదు. దప్పును చలిమంట దగ్గర కాచి బిగువెక్కించే మన ఊరివాళ్ళకు తెలుసు, అది ఎంత ఎక్కించినా గొంతు హెచ్చుతుందే కాని పాట పలకదు. దాని అందం వేరు.

మరి మృదంగం శ్రుతిలో ఎలా పలుకుతుంది? కుడిపక్క చర్మం నడుమ ఉండే నల్లటి మచ్చను చూసే ఉంటారు. ఇనుము కలిసిన పొడిని అన్నంతో మెదిపి పొర మీద పొరగా వేసి, ఆరబెట్టి, రాయితో రుద్దుతారు. తబలాకూ అంతే. రామన్ గారూ, శివకాలి కుమార్ అనే ఆయనా కలిసి 1920లో నేచర్ పత్రికలో ప్రకటించిన సంగతి ఇది: ఆ మచ్చ బరువువల్ల చర్మం కంపనాలు సర్దుకుని హరాత్మక వరసలోకి వచ్చేస్తాయి. చర్మం మీద సన్నటి ఇసుక చల్లి, వేలితో ఒకచోట తాకి, ఇంకోచోట కొడితే ఇసుక కదలని గీతల మీదికి చేరుతుంది. మధ్యలో ఒక గీత, రెండు గీతలు, సమాంతర గీతలు, వలయం – బొమ్మలు మారతాయి. 1934లో ఈ పనిని మళ్ళీ చేపట్టి పూర్తి లెక్క రాశారు. తొమ్మిది రకాల కంపనాలు. అవన్నీ పోగై ఐదే ఐదు స్వరాలు, మొదటిదానికి 2, 3, 4, 5 రెట్లుగా. మామూలు చర్మంలో చెల్లాచెదురుగా ఉండే తొమ్మిది మంది ఇక్కడ ఐదు ఇళ్ళల్లో సర్దుకున్నారన్నమాట. విద్వాంసుడు చూపుడువేలుతో కొడుతూ ఉంగరపు వేలిని చర్మం మీద ఆనించి ఉంచడం కూడా అలవాటుగా వచ్చిన సొగసు కాదు. అక్కరలేని కంపనాన్ని అణిచి కావలసినదాన్ని పలికించే ఉపాయం అది.

ఆలోచించండి. ఆ మచ్చ ఎంత వెడల్పుండాలో, నడుమ ఎంత మందం, అంచుకు ఎంత పల్చన, ఇదంతా తరతరాలుగా పనివాళ్ళు చెవితో తేల్చుకున్నారు. మచ్చ వేస్తూ కొట్టి చూస్తారు, మళ్ళీ ఒక పొర వేస్తారు, మళ్ళీ కొట్టి చూస్తారు. ఇంత కచ్చితమైన పనిని మనం శాస్త్రం అనలేదు, కులవృత్తి అని ఒక మూలకు నెట్టాం. చర్మం ముట్టినవాణ్ణి గుమ్మం అవతల నిలబెట్టాం, అతని చేతి వాద్యాన్ని మాత్రం దేవుడి ముందు పెట్టుకున్నాం. రామన్ గారు ఇలా రాయలేదు, ఇది నా కోపం. ఆయన చేసింది ఆ వాద్యాన్ని బల్లమీద పెట్టి, యూరపులోని ఏ వాద్యానికైనా ఇచ్చే గౌరవం దానికీ ఇవ్వడం.

1921లో తంబురా, వీణల వంతు వచ్చింది. తీగను ఏ బిందువు దగ్గర మీటితే ఆ బిందువు అస్పందనంగా ఉండే అనుస్వరం వినబడకూడదని యంగ్, హెల్మ్‌హోల్ట్జ్‌ల నియమం. పరీక్షల్లో మనం రాసేదే. తంబురా ఆ నియమాన్ని పాటించదు! పాఠ్యపుస్తకం లేదన్న అనుస్వరం అందులో స్పష్టంగా పలుకుతుంది. కారణం బ్రిడ్జి. ఫిడేలు బ్రిడ్జికి మొన ఉంటుంది, తంబురాకూ వీణకూ బ్రిడ్జి వెడల్పుగా, కొంచెం వంపుగా ఉంటుంది. తంబురాలో అయితే తీగ కింద దారప్పోగు దూర్చి ఎక్కడ జీవం వస్తుందో అక్కడ ఆపుతారు. తీగ ఆ వంపును రాసుకుంటూ ఊగడంవల్ల లేని అనుస్వరాలు కూడా పుడతాయి.

ఆ సంవత్సరమే మొదటిసారి ఇంగ్లండు వెళ్ళారు, ఆక్స్‌ఫర్డు విశ్వవిద్యాలయాల మహాసభకు. ఆ ప్రయాణంలో కూడా ధ్వని ఆయన్ని వదలలేదు. లండన్ సెయింట్ పాల్ చర్చి గుమ్మటం లోపల గోడవార గుసగుస అంటే అవతలి పక్కకు వినిపిస్తుంది. ధ్వని గోడను పట్టుకుని పాకుతుందనీ, గోడనుంచి దూరమయ్యేకొద్దీ క్రమంగా తగ్గుతుందనీ రేలీ సిద్ధాంతం. రామన్ గారు సదర్లాండ్ అనే ఆయనతో కలిసి కొలిచి చూస్తే అది అంత సాఫీగా తగ్గడం లేదు, హెచ్చు తగ్గులు పట్టీలు పట్టీలుగా ఉన్నాయి. తిరిగి వచ్చాక బిజాపూరు గోల్‌గుంబజ్‌లోనూ, పాట్నా గోల్‌ఘర్‌లోనూ పరీక్షించారు. గోల్‌గుంబజ్ 1656లో ముగిసిన సుల్తాను సమాధి, లోపలి వ్యాసం 124 అడుగులు. గోల్‌ఘర్ 1786లో ధాన్యం నిలవకు కట్టిన గాదె. సమాధి అయినా గాదె అయినా గోడ గుండ్రంగా ఉంటే ధ్వనికి ఒకటే.

తిరుగు ప్రయాణంలో నార్కుండా ఓడ మీద మధ్యధరా సముద్రపు నీలం చూసి కాంతి పరిక్షేపణం వైపు తిరిగారు. ఆ పైన జరిగింది మనందరికీ కంఠతా వచ్చు. 1924లో రాయల్ సొసైటీ సభ్యత్వం, 1928 ఫిబ్రవరి 28న కె.ఎస్.కృష్ణన్ ప్రభృతుల తోడుతో రామన్ ఫలితం, 1930లో నోబెల్. అదే బౌబజారు ఇల్లు, అదే ఆశుబాబు. కృష్ణా జిల్లా ఆగిరిపల్లిలో పుట్టిన సూరి భగవంతం గారు 1928లో ఆ ఇంటికే చేరి శిష్యులయ్యారు. తరవాత వాల్తేరు ఆంధ్ర విశ్వవిద్యాలయానికి వచ్చి, అక్కడ అతిధ్వనుల పరిశోధన వేళ్ళూనడానికి కారకులయ్యారు. ఆ రకంగా విశాఖ తీరంలో పెరిగిన పిల్లవాడి ధ్వని విద్య మళ్ళీ విశాఖ తీరానికే చేరింది.

1933లో రామన్ గారు బెంగుళూరు సైన్స్ ఇన్‌స్టిట్యూట్ డైరెక్టరుగా వెళ్ళారు. ఆ తరవాతి ఏడాది కలకత్తా అసోసియేషన్‌లో తగాదాలు ముదిరి ఆ సంస్థతో బంధం తెగిపోయింది. మనిషి ముక్కోపి. తన మాటే చెల్లాలనేవారు. 1933లోనే కమలా భాగవత్ అనే విద్యార్థిని చేరబోతే ఆడపిల్ల అని మొదట కాదన్నారు, ఆమె పట్టుబట్టాక షరతులతో ఒప్పుకున్నారు. ఆశుబాబుకు తలుపులు తెరిచిన మనిషే ఇలా చేశారంటే నమ్మబుద్ధి కాదు, కాని జరిగింది. ఆమె తరవాత గొప్ప జీవరసాయన శాస్త్రవేత్త అయింది.

బెంగుళూరులో 1935, 36లలో నాగేంద్రనాథ్ అనే యువకుడితో కలిసి చేసిన పనిలో ఆయన రెండు ప్రేమలూ కలిశాయి. ద్రవంలో అతిధ్వని తరంగాలు పోతుంటే దాని సాంద్రత పొరలు పొరలుగా మారుతుంది. దానిగుండా కాంతి పంపితే గ్రేటింగుగుండా పోయినట్టే వివర్తనం చెందుతుంది. ధ్వని గీసిన గీతలను కాంతి చదువుతోందన్నమాట. రామన్-నాథ్ సిద్ధాంతం అంటే ఇదే. 1948లో పదవీ విరమణ చేసి తన పేరిటి పరిశోధనాలయంలో చివరిదాకా పనిచేశారు. 1954లో భారతరత్న ఇచ్చారు. 1970 నవంబరు 21న పోయారు. ఆ పరిశోధనాలయం తోటలోనే దహనం చేశారు. సమాధి కట్టలేదు, ఆ చోట ఒక చెట్టు నాటారు.

బౌబజారు వీధికి ఇప్పుడు బిపిన్ బిహారీ గంగూలీ వీధి అని పేరు. అసోసియేషన్ ఎప్పుడో జాదవ్‌పూరుకు తరలిపోయింది. 210 నెంబరులో ఇప్పుడు ఉన్నది గోయెంకా కామర్సు కళాశాల. పగలు సర్కారు లెక్కలు చూసి రాత్రి తీగలు మీటిన మనిషి తిరిగిన చోట పిల్లలు అకౌంటెన్సీ చదువుకుంటున్నారు.